మెత్తపీతల కాలం

ఆ ఎండాకాలం మా ఆవిడ సొంత అన్న మీద పోటీకి నిలబడింది. నేను పొయ్యి ముందు నిలబడ్డాను. ఈ రెండిట్లో ఏది పెద్ద వింత అని మా వీధిలో ఎవరినడిగినా పొయ్యి సంగతే చెప్పేవాళ్లు.

నేను దర్జీని. కత్తెర, టేపు, సుద్దముక్క తప్ప నా చేతులకి ఇంకో పనిముట్టు అలవాటు లేదు. వంటింట్లోకి వెళ్లడమంటే మంచినీళ్ల కోసమే. మా అమ్మాయి కాలేజీ చివరి సంవత్సరంలో ఉంది, చదువు కన్నా నోటి పదును ఎక్కువ. గ్యాసు ఏ పక్కకి తిప్పితే వెలుగుతుందో నాన్నకి తెలియదు గానీ కూరలో ఉప్పు తగ్గిందని గుమ్మం దగ్గరే చెప్పగలడు అని స్నేహితురాళ్ల దగ్గర వేళాకోళం చేసేది. అందులో అబద్ధమేమీ లేదు.

మా ఆవిడది పీతల షెడ్డులో పని. పీత ఒళ్లు పెరిగేకొద్దీ దాని పెంకు దానికే బిగుతైపోతుంది. అప్పుడు పాత పెంకు విడిచేసి బయటికొస్తుంది. వచ్చిన కాసేపటిదాకా ఒళ్లంతా వెన్నముద్దలా ఉంటుంది, కాళ్లూ డెక్కలతో సహా నమిలి తినెయ్యొచ్చు. ఆలస్యమైతే కొత్త పెంకు గట్టిపడుతుంది, ఇక దాన్ని పెద్ద హోటళ్లవాళ్లు ముట్టుకోరు. అందుకే ఎండలు ముదిరాయంటే షెడ్డులో ఆడవాళ్లకి నడుం ఎత్తే తీరిక ఉండదు. ఉప్పునీళ్ల తొట్ల మధ్య తిరుగుతూ, ఏ పీత విడవబోతోందో కనిపెట్టి, విడిచినదాన్ని విడిచినట్టే చేత్తో ఎత్తి తడిబట్టలో పెట్టాలి. నేల ఎప్పుడూ తడే. ఆ తడిలోనే ఆ ఏడు, కాలం మొదట్లోనే, పిన్ని జారిపడింది.

పిన్ని అంటే ఎవరికీ పిన్ని కాదు, అందరికీ పిన్ని. షెడ్డులో అందరికన్నా పెద్దది. పడటం పడటం తొడ ఎముక విరిగింది.

మా బావ, అంటే మా ఆవిడ అన్నగారు, అదే షెడ్డులో తూకం దగ్గర ఉంటాడు. పనివాళ్ల సంఘానికి ఏళ్ల తరబడి ఆయనే అధ్యక్షుడు. చెడ్డవాడని ఎవరూ అనలేరు. షెడ్డు పక్కనే సంఘానికి సొంత భవనం కట్టించింది ఆయనే. కాకపోతే యజమాని గదిలో ఫ్యాను కింద కుర్చీ అలవాటయ్యాక ఆయన మాట కూడా ఆ కుర్చీలోంచే రావడం మొదలైంది.

ఆ సాయంత్రం మా ఆవిడ ఇంటికొచ్చి, బేసిన్లో గోరువెచ్చని నీళ్లు పోసుకుని కాళ్లు పెట్టుకుని కూర్చుంది. ఉప్పునీళ్లకి మడమలు పగిలి ఉంటాయి, రోజూ ఆ పని చేస్తుంది. నేను ఒక చొక్కాకి కాజాలు కుడుతున్నాను.

"పిన్ని చూసుకోకుండా నడిచిందట," అంది.

"ఎవరన్నారు?"

"మా అన్నయ్య. యజమానితో అన్నాడు. నేను తలుపు దగ్గరే ఉన్నాను."

నీళ్లు చల్లారిపోయాయని కూడా గమనించినట్టు లేదు. చివరికి, "ఈసారి సంఘం ఎన్నికల్లో నేను నిలబడతానండీ. మీకేమైనా అభ్యంతరమా?" అంది. అడుగుతున్న గొంతు కాదది. గుడ్డ కత్తిరించేశాక కొలత చెప్పే గొంతు.

నాకు ముందు నా కొట్టు గుర్తొచ్చింది. అది సంఘం భవనంలో కింది గది. బావ ఇప్పించిందే. ఆ మాట ఎత్తుదామని నోరు తెరిచాను. కానీ బయటికొచ్చింది వేరే మాట.

"మరి వంట?" అన్నాను.

"నేనూ అదే అడుగుదామనుకుంటున్నాను," అంది మా ఆవిడ.

*

మొదటి వారం మేము ముగ్గురం ఏం తిన్నామో చెప్పి నా పరువు నేనే తీసుకోను. మా అమ్మాయి ఓ రోజు కంచం ముందు కూర్చుని, ఇది మాడిందా, ఉడకలేదా, లేక రెండూనా అని చాలా మర్యాదగా అడిగింది. రెండూ అని ఒప్పుకున్నాను. తల్లీకూతుళ్లిద్దరూ షెడ్డు పనివాళ్ల ఇళ్లకి తిరిగి చీకటి పడుతుండగా వచ్చేవాళ్లు. ఏం పెట్టినా మారుమాట లేకుండా తినేవాళ్లు. ఆకలి నాకు చేసిన మేలు ఇంకెవరూ చేయలేదు.

ఒక సాయంత్రం మా ఆవిడ డబ్బా నిండా తడిగుడ్డ పెట్టుకొచ్చింది. విప్పితే మెత్తపీతలు. ఒకదానికి డెక్క లేదు, ఇంకోదానికి ఓ పక్క రెండు కాళ్లు లేవు. అంగవైకల్యం ఉన్నవాటిని హోటళ్లవాళ్లు తీసుకోరు, పనివాళ్లే పంచుకుంటారు. ఇన్నాళ్లూ తన వంతు పిన్నికి ఇచ్చేసేది. రోజంతా వాటి మొహమే చూసి, ఇంటికొచ్చి మళ్లీ చూడలేనని అనేది. ఈసారి మాత్రం రెండు పిన్ని ఇంట్లో ఇచ్చి మిగిలినవి తెచ్చింది.

హోటలు వంటవాడు సరుకు కోసం వచ్చినప్పుడు చెప్పేవాడట. వీటిని కరకరలాడేలా వేయించి, కాల్చిన రొట్టె ముక్క మీద పెట్టి ఇస్తారనీ, తెల్ల గుడ్డలు పరిచిన బల్లల దగ్గర కూర్చున్నవాళ్లు కళ్లు మూసుకుని తింటారనీ.

"ఇన్నేళ్లుగా ఎత్తి ఇస్తున్నాను. చివరికి అది ఏమవుతుందో నేనెప్పుడూ చూడలేదు," అంది. తనకి తానే చెప్పుకుంటున్నట్టు అంది గానీ అది నాకే తగిలింది.

సరే, చేసి పెడదామని కొంగు బిగించాను. నాకు కొంగు లేదు కాబట్టి, పాత పరుపుగుడ్డతో వంటకోటు ఒకటి కుట్టుకున్నాను. జేబుతో సహా.

ఆ రోజు జరిగింది వంట కాదు. నూనె మరిగాక పీతని అలాగే అందులో వేశాను. దాని ఒంట్లో ఎక్కడెక్కడి నీళ్లున్నాయో, ఒక్కసారిగా టపటపా పేలాయి. నూనె గోడ ఎక్కింది. నా ఎడమ కనుబొమ్మ సగం పోయింది. మా అమ్మాయి గొడుగు తెరిచి దాని వెనక నుంచి గ్యాసు కట్టేసింది. మా ఆవిడ కాళ్లు బేసిన్లోంచి తీయకుండానే నవ్వింది. ఎన్నికల మాట మొదలయ్యాక ఆమె అలా నవ్వగా చూడటం అదే మొదలు. కనుబొమ్మ పోతే పోయిందిలే అనిపించింది.

మర్నాడు తను చెబుతుంటే నేను చేశాను. ముందు కత్తెరతో మొహం వైపు అంచు, కళ్లూ నోరూ పోయేలా ఒక్క కోత. అది బట్టల కత్తెర కాదు సుమా, దానికోసం వేరే కొన్నాను. దర్జీ కత్తెరతో బట్ట తప్ప ఇంకేం కోసినా పాపమే. తర్వాత పైపొర మొనలు రెండు పక్కలా ఎత్తి, కింద బూడిద రంగులో వేళ్లలా ఉండే మొప్పలు లాగేయాలి. వెల్లకిలా తిప్పి పొట్ట కింది మడత ఊడదీయాలి. అంతే, ఇక మొత్తం తినేదే. ఇదంతా నా చేతికి ఎంత తొందరగా పట్టుబడిందో నాకే ఆశ్చర్యమేసింది. కుట్టు విప్పడం తెలిసినవాడికి ఇదేం పెద్ద విద్య కాదు. ఎక్కడ పట్టుకుని లాగితే గుడ్డ చిరగకుండా దారం వస్తుందో, ఇక్కడా అంతే.

తడి ఆరేలా అద్దడానికి కొట్లో మిగిలిన నూలుముక్కలు పనికొచ్చాయి. పేలకుండా ఏం చేయాలన్నది మాత్రం మా ఆవిడకీ తెలియదు. అది నాకు తోచింది. పీతని అరచేతిలో పెట్టుకుని, కాళ్ల మొదళ్లలోనూ డెక్కలోనూ సూదితో నాలుగైదు చోట్ల పొడిచాను. నీటి చుక్కలు బయటికొచ్చాయి. మళ్లీ అద్దాను. కాసేపు పాలల్లో ఉంచి, ఉప్పూ మిరియాలపొడీ కలిపిన మైదాలో పొర్లించి, అదనపు పిండి దులిపి, వీపు కిందికి వచ్చేలా నూనెలో పెట్టాను. ఈసారి గోడ ఎక్కలేదు. చిటపటమంటూ బుద్ధిగా వేగింది. చుట్టూ నురగ తగ్గి, అంచులు ఎర్రబడ్డాక తిప్పాను.

నిన్నటి రొట్టెని బొటనవేలంత మందాన కోసి, అదే పెనం మీద వెన్నతో రెండు పక్కలా కాల్చాను. గుడ్డుసొన, నూనె, ఆవపిండి, నిమ్మరసం మా అమ్మాయి గిలక్కొట్టింది. చెయ్యి నొప్పెట్టినప్పుడల్లా ఆపి ఉపన్యాసం చెప్పింది, మళ్లీ గిలక్కొట్టింది. అది రొట్టె మీద పూసి, వెనిగరులో నానిన దోసకాయ చక్రాలు పరిచి, వాటిమీద పీతని కూర్చోబెట్టాను. కాళ్లు రొట్టె అంచులు దాటి నాలుగు పక్కలకీ చాచుకుంది.

ఇంకో ముక్క పైన పెట్టబోతే మా ఆవిడ చెయ్యి అడ్డం పెట్టింది. మూత వద్దంది. కోటు కుట్టి పైబట్ట వేయకుండా వదిలేసినట్టుంది కదా అన్నాను.

"ఉండనివ్వండి. దాన్ని చూస్తూ తింటాను."

రెండు చేతులా ఎత్తి కొరికింది. ఆ కరకర నేను నిలబడ్డ చోటికి వినిపించింది. నమిలింది. ఇంకోసారి కొరికింది. మేమిద్దరం పరీక్ష ఫలితాల కోసం నిలబడ్డవాళ్లలా ఆమె మొహమే చూస్తున్నాం.

"ఇదా," అంది నెమ్మదిగా. "ఇంత బాగుంటుందని మాకెవ్వరూ చెప్పలేదు."

*

ఆ మాట ఆమె షెడ్డులో చెప్పినట్టుంది. తర్వాతి రోజు సాయంత్రం ఆమె వెంట మరో ముగ్గురు వచ్చారు. చేతుల్లో డబ్బాలు, డబ్బాల్లో కుంటి పీతలు. ఆ మర్నాడు ఇంకొందరు. ఓట్ల లెక్కలు మాట్లాడటానికే వచ్చారు, కానీ వాసన తగిలాక మాటలు కాస్త ఆగేవి.

వీధి చివరి మంగలి ఊరుకుంటాడా. ఏం మాస్టారూ, పీతలకి కూడా కొలతలు తీస్తున్నారట అని నలుగురిలో అడిగాడు. అవును, నడుం దగ్గర కొంచెం వదులు చేయమంటున్నాయి అన్నాను. నలుగురూ నవ్వారు. ఆ తర్వాత నన్నెవరూ కదపలేదు.

అప్పుడొచ్చాడు బావ.

మధ్యాహ్నం వేళ, నేనొక్కణ్నే ఉన్నాను. సాయంత్రం కోసం పీతల్ని బాగుచేసి పాలల్లో వేశాను. ఒకటి వేయించి చూద్దామని నూనె పెట్టాను. బావ చెప్పులు విప్పి తిన్నగా వంటింట్లోకే వచ్చి, స్టూలు లాక్కుని కూర్చున్నాడు. నా వంటకోటు వైపు చూశాడు గానీ ఏమీ అనలేదు. ఆయన మర్యాదస్థుడు.

చాలా విషయాలు మాట్లాడాడు. ఎండలు, మా అమ్మాయి చదువు, యజమాని కొత్త బండి. చెల్లెలి ఆరోగ్యం ఈ తిరుగుళ్లకి ఆగదేమో అన్నాడు. ఒకే ఇంటి మనుషులు రెండు పక్షాలై నిలబడితే షెడ్డులో పలచనైపోతామన్నాడు. నేను వింటూ, సూదితో కాళ్లు పొడుస్తూ, అద్దుతూ ఉన్నాను. చివరికి అసలు మాటకొచ్చాడు.

"బావా, నువ్వు చెబితే వింటుంది. తప్పుకోమని ఒక్క మాట చెప్పు. నీ కొట్టు సంగతి నేను చూసుకోవడం లేదూ?"

కోపంగా అనలేదు. చివరి మాట అయితే మరీ మెత్తగా అన్నాడు. అదే నాకు లోపల గుచ్చుకుంది. ఏదైనా గట్టిగా అందామని ఉంది. కానీ పీత వేగుతోంది, అంచులు ఎర్రబడుతున్నాయి, అప్పుడు తిప్పకపోతే పాడైపోతుంది. తిప్పాను. రొట్టె కాల్చాను. దోసకాయ పరిచాను. అంతా అయ్యాక పళ్లెంలో పెట్టి ఆయన చేతికిచ్చాను.

"తిను బావా, చల్లారితే బాగుండదు," అన్నాను. "చెప్పడం మాత్రం నావల్ల కాదు."

బావ పళ్లెం వైపు చూశాడు, నావైపు చూశాడు. తర్వాత తిన్నాడు. మొత్తం తిన్నాడు. పళ్లెంలో రాలిన పొడి కూడా రొట్టె ముక్కతో అద్దుకుని తిన్నాడు. చేతులు కడుక్కుని, వస్తానని చెప్పి చెప్పులేసుకుని వెళ్లిపోయాడు.

మర్నాడు పొద్దున్నే చేపల బండి ఒకటి మాట్లాడుకుని కొట్టుకెళ్లాను. కుట్టుమిషను, ఇస్త్రీపెట్టె, గుడ్డలు కత్తిరించే బల్ల, మొండెం బొమ్మ, అన్నీ ఇంటికి చేర్చాను. గది ఊడ్చి, తాళం సంఘం గుమాస్తా చేతిలో పెట్టి వచ్చాను. ఎందుకు ఖాళీ చేస్తున్నావని ఆయన అడిగితే, ఇంట్లో వెలుతురు బాగుంటుందని చెప్పాను.

నిజానికి మా ఇంటి ముందుగదిలో వెలుతురు అంతంతమాత్రం. సాయంత్రం మా ఆవిడ గుమ్మంలో అడుగుపెట్టి మిషను చూసి ఆగిపోయింది. వెనక నలుగురు ఆడవాళ్లున్నారు. మా ఆవిడ కిటికీ కింద ఉండే తన బట్టల పెట్టెని తానే అవతలికి జరిపి, "మిషను ఇటు పెట్టుకోండి, ఎండ ఇటే పడుతుంది," అంది. నలుగురూ తలో చెయ్యీ వేశారు. అంతే, ఆ సంగతి మళ్లీ మా మధ్య రాలేదు.

*

అప్పటినుంచి మా ముందుగదే వాళ్ల కార్యాలయం. ఒక పక్క మిషను, ఒక పక్క చాప. నేను ఓ కాలర్ కుట్టి వంటింట్లోకి, ఓ వాయి తీసి మళ్లీ మిషను మీదికి. ఒక్కోసారి వేళ్లకి పిండి ఉందో సుద్ద ఉందో తెలిసేది కాదు. ఒక పెద్దమనిషి చొక్కా తీసుకెళ్లి, ఇందులోంచి ఏదో మంచి వాసన వస్తోందని రెండు రోజుల తర్వాత వచ్చి చెప్పాడు. తిట్టడానికి వచ్చాడనుకున్నాను. ఇంకో చొక్కా కుట్టించుకున్నాడు.

షెడ్డు ఆడవాళ్లు భయస్తులని నేననుకునేవాణ్ని. రోడ్డు మీద తల వంచుకుని గుంపుగా పోయేవాళ్లు కదా. మా చాప మీద కూర్చున్నాక తెలిసింది. ఒకామె మోకాళ్ల సంగతి, ఒకామె వేళ్ల మధ్య పుళ్ల సంగతి, వీళ్లంతా కూర్చోవడానికి షెడ్డులో ఒక బల్ల కూడా లేని సంగతి, ఒక్కొక్కటే చెప్పుకొచ్చారు. మా ఆవిడ మధ్యలో అడ్డు రాదు, వింటుంది. చివర్లో మాత్రం చెప్పినదాన్ని నాలుగు ముక్కల్లో తిరిగి చెబుతుంది. ఇదేగా నువ్వనేది అంటుంది. అవతలామె అవునంటుంది. వాళ్లు చెప్పిందే ఆమె చెబుతుంటే అది ఫిర్యాదులా కాక న్యాయంలా వినిపించేది. ఈ విద్య ఎప్పుడు నేర్చిందా అని పెనం ముందు నిలబడి ఆశ్చర్యపోయేవాణ్ని. ఒకసారి ఆ ఆశ్చర్యంలో వాయి మాడ్చాను కూడా.

పోలింగుకి ముందు షెడ్డు గేటు దగ్గర ఇద్దరూ మాట్లాడే సభ పెట్టారు. ముందు బావ మాట్లాడాడు. బాగా మాట్లాడతాడు, చేసినవన్నీ వరసగా చెప్పాడు. తర్వాత మా ఆవిడ లేచింది. మా అమ్మాయి రెండు పేజీల ఉపన్యాసం తయారుచేసి కంఠతా పట్టించింది. రోడ్డుకి అవతల నేను, చేతిలో రొట్టెల పళ్లెం, దానిమీద పల్చటి గుడ్డ. 

మా ఆవిడ ఆ రెండు పేజీల్లో ఒక్క ముక్క కూడా చెప్పలేదు.

"మా అన్నయ్య మనకి భవనం కట్టించాడు. అది ఎవరూ కాదనరు," అంది. "వానలో ఎవరైనా జారిపడతారని, ఆ భవనం మెట్లకి గరుకు రాయి వేయించాడు. దగ్గరుండి వేయించాడు, నేను చూశాను. ఆ రాయి మన షెడ్డులోకి ఎందుకు రాలేదని అడుగుతున్నాను. అంతకన్నా నాకేం లేదు."

కూర్చుంది. చప్పట్లు వెంటనే రాలేదు. ముందు ఆడవాళ్లు ఒకళ్ల మొహం ఒకళ్లు చూసుకున్నారు. తర్వాత వచ్చాయి, చాలాసేపు వచ్చాయి. బావ తల వంచుకుని గడియారం బెల్టు సర్దుకున్నాడు. మా అమ్మాయి పరుగున రోడ్డు దాటి నా దగ్గరికొచ్చింది. నేను రాసింది బాలేదా నాన్నా అని అడిగింది గానీ, దాని కళ్లు మెరిసిపోతున్నాయి.

పోలింగు రోజు పిన్ని వస్తానని పట్టుబట్టింది. కుర్చీని చేపల బండి మీద తాళ్లతో బిగించి, దిండ్లు పెట్టి, ఆమెని కూర్చోబెట్టి సంఘం భవనం దాకా తోసుకెళ్లాం. ఉతికిన చీర కట్టుకుని, జుట్టు నున్నగా దువ్వించుకుని, ఊరేగింపులా వచ్చింది. ఓటేసి బయటికొచ్చాక, మెట్ల దగ్గర నిలబడ్డ బావని పిలిచింది. దగ్గరికొచ్చాడు. "నేను చూసుకునే నడిచాను నాయనా," అంది. బావ ఆమె కాలి మీద జారిన దుప్పటి సరిచేసి వెనక్కి వెళ్లాడు.

సాయంత్రానికి లెక్క తేలింది. మా ఆవిడ గెలిచింది. ఏదో అంచు మీద గెలవడం కాదు, బాగానే గెలిచింది. అందరూ చుట్టుముట్టి అరుస్తుంటే, జనాన్ని తప్పించుకుంటూ బావ ఆమె ముందుకొచ్చాడు. జేబులోంచి తాళాల గుత్తి తీసి ఇచ్చాడు.

"భవనం వీధి తలుపు తాళం కొంచెం బిగుతు. ఎత్తి తిప్పాలి."

"సరే అన్నయ్యా," అంది మా ఆవిడ.

ఇంటికొచ్చి ఆ గుత్తిని ఒళ్లో పెట్టుకుని చాలాసేపు కూర్చుంది. నేను అడగకుండానే, చిన్నప్పుడు తనకి సైకిలు నేర్పింది అన్నయ్యే అని చెప్పింది. పడబోతే పట్టుకోవడానికి వెనకాలే పరిగెత్తేవాడట. నేను స్టూలు పక్కన వేసుకుని కూర్చున్నాను. ఆ రోజు మా అమ్మాయి వంట చేసింది. మాడ్చింది. మారుమాట లేకుండా తిన్నాం.

*

గెలవడం ఒక ఎత్తు, యజమాని చేత పని చేయించడం ఒక ఎత్తు. మొదటిసారి వెళ్తే కాలం అయిపోయాక చూద్దామన్నాడు. రెండోసారి వెళ్తే ఊళ్లో లేనని చెప్పించాడు. మూడోసారి మా ఆవిడతో పాటు తొట్ల దగ్గరి ఆడవాళ్లంతా ఆయన గది బయట నిలబడ్డారు. లోపల తొట్లలో పీతలు పెంకులు విడుస్తున్నాయి. అవి ఎవరి కోసమూ ఆగవని ఆయనకీ తెలుసు. వారం తిరిగేసరికి తొట్ల మధ్య దారి పొడుగునా గరుకు రాయి పడింది. పిన్ని ఆసుపత్రి ఖర్చు షెడ్డే పెట్టుకుంది. ఆ రాయి పరిచేటప్పుడు దగ్గరుండి మట్టం చూసింది బావే. ఆయన్ని ఎవరూ పిలవలేదు, తానే వచ్చాడు. మా ఆవిడా పొమ్మనలేదు.

ఖాళీగా ఉన్న నా కొట్టు గది మళ్లీ నాకే వస్తుందని వీధి వీధంతా అనుకుంది. నేనూ కొంచెం అనుకున్నాను, దాచడమెందుకు. మా ఆవిడ ఆ గదిలో నాలుగు బల్లలు, ఒక నీళ్ల పీపా వేయించి, పనిమధ్యలో ఆడవాళ్లు కాళ్లు చాపుకునే గది చేసింది. నేను అడగలేదు. ఆమె ఇవ్వలేదు. ఆ సంగతి విన్న రోజు, మిషను దగ్గర కూర్చుని నాలో నేనే నవ్వుకుంటూ ఉండిపోయాను. పెళ్లయిన కొత్తలో కూడా ఆమెని చూసి నేనంత మురిసిపోలేదు.

వంటిల్లు మాత్రం నా దగ్గరే ఉండిపోయింది. తిరిగి ఇవ్వమని ఆమె అడగలేదు, నేనూ ఇవ్వలేదు.

ఎండలు తగ్గుముఖం పట్టి పీతలు పలచబడ్డాక, చివరి రోజుల్లో ఓ మధ్యాహ్నం రొట్టెలు చేసి షెడ్డుకి పట్టుకెళ్లాను. ఇన్నేళ్లలో గేటు దాటి లోపలికెళ్లడం నాకదే మొదటిసారి. లోపల సగం చీకటి, నీళ్ల చప్పుడు, ఉప్పు వాసన. మా ఆవిడ అవతలి వరసలో ఓ తొట్టి మీద వంగి ఉంది. నన్ను చూడలేదు.

నీళ్లలో ఓ పీత పాత పెంకులోంచి వెనక్కి వెనక్కి జరుగుతూ బయటికొస్తోంది. ఆమె రెప్ప వాల్చకుండా చూస్తోంది. చివరి కాలు ఊడివచ్చేదాకా చెయ్యి పెట్టలేదు. వచ్చాక రెండు చేతులూ నీళ్లలోకి దింపి, నీటితో సహా ఎత్తినట్టు ఎత్తింది. నేను కడిగీ, కోసీ, వేయించీ నా చేతి మీదుగా ఎన్ని పోయాయో, ఆమె ఎత్తినంత మెత్తగా ఒక్కదాన్నీ ఎత్తలేదు. తడిబట్టలో పెట్టి, తల తిప్పకుండానే పక్క తొట్టి దగ్గరున్నామెకి ఏదో చెప్పింది. ఆమె తలూపి పరుగున వెళ్లింది. ఇంకొకామె ఏదో అడగడానికి వచ్చి, మా ఆవిడ చేతులు ఖాళీ అయ్యేదాకా ఓపిగ్గా నిలబడింది.

పళ్లెం పట్టుకుని అలాగే చూస్తూ ఉండిపోయాను. వారం క్రితం చేరిన అమ్మాయి కాబోలు, నన్నెరగదు. గేటు దగ్గర నుంచి వచ్చి, "ఎవరి తాలూకండీ మీరు?" అని అడిగింది.

"అధ్యక్షురాలి తాలూకు," అన్నాను.

ఆ అమ్మాయి ఒక్కసారే అడిగింది. నేను రెండుసార్లు చెప్పాను.